కూలీ కొడుకు కెప్టెన్ కుక్

జేమ్స్ కుక్ 1728లో ఇంగ్లాండులో ఒక పొలం కూలీ ఇంట పుట్టాడు. చిన్నప్పుడు కొట్లో పని చేశాడు. తర్వాత బొగ్గు ఓడల్లో చేరి, పని చేస్తూనే లెక్కలు, నక్షత్రాల చదువు నేర్చుకున్నాడు. 1755లో నౌకాదళంలో మామూలు నావికుడిగా చేరాడు. సముద్ర తీరాల పటాలు గీయడంలో పేరు తెచ్చుకుని, కెప్టెన్ అయ్యాడు. ఓడ మీద మూడుసార్లు పసిఫిక్ సముద్రానికి వెళ్ళాడు. న్యూజిలాండ్ చుట్టూ తిరిగి పటం గీశాడు.

1770లో ఆస్ట్రేలియా తూర్పు తీరం చేరాడు. అక్కడ వేల ఏళ్ళుగా ఆదివాసులున్నారు. అయినా వాళ్ళనడక్కుండానే ఆ నేల తమ రాజుదని ప్రకటించాడు.

1779లో హవాయి దీవిలో ఆయన పడవ ఒకటి పోయింది. దానికోసం అక్కడి రాజునే పట్టుకుపోబోయాడు. జనం తిరగబడ్డారు. ఆ గొడవలోనే కుక్ చనిపోయాడు.

మిత్రులారా! కుక్ లాగా పట్టుదలగా చదువుదాం. కానీ పటంలో గీసిన ప్రతి నేల మీదా మనుషులుంటారని మరిచిపోకూడదు.