ఎడ్వర్డ్ రికెట్స్

మెక్సికో దేశమునకు పడమట కోర్టెజ్ సముద్రమను సన్నని సింధుశాఖ కలదు. దానికి కాలిఫోర్నియా సింధుశాఖ యనియు పేరు. ఇరుదరులను బ్రహ్మజెముడు మొలచు ఎడారి. నీటియందో, లెక్కకు మిక్కిలియగు జీవరాశి. ఆ జలములలోని చిన్న ప్రాణులను శ్రద్ధతో శోధించి లోకమునకు తెలిపినవారిలో రికెట్స్ ముఖ్యుడు.

ఆతడు 1897లో చికాగో నగరమున జన్మించెను. అచ్చటి విశ్వవిద్యాలయమున జంతుశాస్త్రము చదివెను గాని పట్టము పొందలేదు. 1923లో కాలిఫోర్నియా తీరమునకు చేరి, పాఠశాలలకు సముద్రజీవుల నమూనాలనమ్ము ప్రయోగశాలను మిత్రునితో కలిసి స్థాపించెను. ఆటు వేళ సముద్రము వెనుకకు తగ్గగానే నీట దిగి, రాళ్ల నడుమ దాగిన పీతలను, నక్షత్రచేపలను వెదకుట ఆతని నిత్యకృత్యము.

నాటి గ్రంథములలో జంతువులను జాతుల వరుసలో వర్ణించుట వాడుక. రికెట్స్ మార్గము వేరు. ఈ ప్రాణి అలల తాకిడి నెంత సహించును? ఆటుపోటుల నడుమ ఏ మట్టమున వసించును? దాని యిరుగుపొరుగు లెవ్వరు? ఇట్లు విచారించి యొక గ్రంథము రచించెను. 1936లో అగ్నిప్రమాదమున ప్రయోగశాలయు, ఏండ్ల తరబడి కూర్చుకొన్న పుస్తకములును భస్మమయ్యెను. వ్రాతప్రతి మాత్రము అప్పటికే ప్రకాశకులకు చేరియుండెను, భాగ్యమనవలెను. అది 1939లో వెలువడెను.

1940 మార్చిలో రికెట్స్, ఆతని మిత్రుడగు నవలాకారుడు జాన్ స్టైన్‌బెక్ 'వెస్ట్రన్ ఫ్లైయర్' అను చేపల పడవను బాడుగకు గైకొని కోర్టెజ్ సముద్రమునకు బయలుదేరిరి. ఆరు వారములలో ఐదువందలకు పైగా జాతులను సేకరించిరి. గ్వాయ్మస్ రేవు ప్రాంతమున వారొక జపాను రొయ్యల ఓడ నెక్కి చూచిరి. పెద్ద వలలు సముద్రపుటడుగును ఈడ్చుకొని వచ్చుచుండెను. ఓడవారు రొయ్యల నేరుకొని, చచ్చిన తక్కిన చేపల నెల్ల మరల నీటిలోనికి త్రోయుచుండిరి. వారు అతిథులను ఆదరించిన మంచివారే. చేయు పని మాత్రము ఘోరమైనది. 1941లో వెలువడిన తమ యాత్రాగ్రంథమున మిత్రులిరువురును దానిని తీవ్రముగా ఖండించిరి.

అట్టి ఆపద రికెట్స్ ఇంటి ముంగిటికే వచ్చెను. ఆతడు వసించు మాంటెరీ పట్టణము సార్డీను చేపలను డబ్బాలకెత్తు కర్మాగారములతో బ్రతుకుచుండెను. కొన్నేండ్లలోనే ఆ చేపలు కరవయ్యెను. రికెట్స్ సముద్రజలపు వేడిమిని, చేపల యాహారమగు సూక్ష్మజీవులను, ఏటేటి పట్టుబడి లెక్కలను పోల్చి చూచి, మితిమీరి పట్టుట తగదని స్థానిక పత్రికలో హెచ్చరించెను. అప్పటికే ఆలస్యమయ్యెను.

1948 మేలో, ఉత్తర తీరములకు మరియొక యాత్ర సన్నాహము జరుగుచుండగా, రైలుమార్గము దాటుచున్న ఆతని కారును రైలు ఢీకొనెను. ఏబదియొకటవ పుట్టినదినమునకు మూడు దినములు ముందుగా ఆతడు కన్నుమూసెను.

కోర్టెజ్ సముద్రపు దీవులును, రక్షిత జలములును 2005లో ప్రపంచ వారసత్వ స్థలములుగా గుర్తింపు పొందెను. డాల్ఫినుకు దగ్గరి చుట్టమగు వకీటా యను ప్రాణి ఆ సముద్రమున దప్ప మరెచ్చటను లేదు. శాస్త్రజ్ఞులు దానికి పేరిడినది 1958లో, రికెట్స్ దానినెరుగడు. టొటోఆబా యను పెద్ద చేపకై పన్నిన వలలలో చిక్కి వకీటాలు నశించుచుండగా, 2019లో ఆ స్థలము అపాయమున నున్నవాని పట్టికలో చేరెను. ఇప్పుడవి పది ప్రాంతమున మాత్రమే మిగిలియున్నవి.