ఐడా స్కడర్ గారు – తల్లి చెంత

మన తెలుగువారిలో వేలూరు పెద్దాసుపత్రి పేరు వినని ఇల్లు అరుదు. చిత్తూరు వారికైతే అది పొరుగూరే. దానికి పునాది వేసిన డాక్టర్ ఐడా స్కడర్ గారి సేవను గురించి చాలామంది వ్రాశారు. మేము ఆమె బాల్యాన్ని జ్ఞాపకం చేయదలచాము. పిల్లలను స్వదేశంలో బంధువుల వద్ద ఉంచి దూరదేశంలో పనిచేస్తున్న మన కుటుంబాలకు ఆ భాగమే దగ్గర.

స్కడర్లదీ వలస కుటుంబమే. తాతగారు డాక్టర్ జాన్ స్కడర్ 1819లో అమెరికా నుండి సింహళానికి బయలుదేరి, తరువాత మద్రాసులో పనిచేశారు. కుమారులను చదువుకు అమెరికా పంపేవారు. వారు పెద్దవారై ఇక్కడికే తిరిగివచ్చేవారు. ఆ ఇంట అది ఆనవాయితీ. వారిలో ఒకరి కుమార్తె ఐడా. ఐదుగురు అన్నల తరువాత 1870 డిసెంబరు 9న రాణిపేటలో పుట్టింది. పసితనంలోనే 1877 నాటి ఘోరమైన కరువు చూసింది. ఆ తరువాత కుటుంబమంతా అమెరికా చేరింది. కొన్నేళ్లకు తండ్రిగారు ఒంటరిగా ఇండియా వచ్చేశారు. మరి రెండేళ్లకు తల్లి సోఫియాగారు కూడా, పద్నాలుగేళ్ల ఐడాను చికాగోలో బంధువుల ఇంట విడిచి భర్త దగ్గరకు బయలుదేరారు. ఆ రాత్రి పిల్ల తల్లి తలగడను పట్టుకొని ఏడ్చిందని చెబుతారు.

తల్లిదండ్రుల పిలుపు గొప్పదే. అంతమాత్రాన ఆ పిల్ల దుఃఖాన్ని తక్కువచేసి చెప్పడం మాకిష్టం లేదు. తాను మిషనరీని కానేకానని ఆమె పట్టుబట్టడంలో, అమ్మను తీసుకుపోయిన దేశం మీద అలకే ఎక్కువని మాకు తోస్తుంది.

1890లో తల్లికి జబ్బుచేసిందని తిండివనం వచ్చింది. కొద్దికాలం ఉండి వెళ్లిపోదామనే. ఒక రాత్రి, ప్రసవవేదన పడుతున్న భార్యల కోసం ముగ్గురు మగవారు ఒకరి వెనుక ఒకరు ఆమెను పిలవవచ్చారు. ఆమెకు వైద్యం రాదు. డాక్టరైన తండ్రి వస్తారంటే పురుషుడని వారు ఒప్పుకోలేదు. ముగ్గురు స్త్రీలూ మరణించారు. ఆమె అమెరికా వెళ్లి 1899లో కార్నెల్‌లో వైద్యపట్టా పొంది, 1900 ఆరంభంలో వేలూరు చేరారు. తండ్రి పక్కన నిలిచి పని నేర్చుకోవాలని ఆశ. ఆ మే నెలలోనే ఆయన కన్నుమూశారు.

తల్లి మిగిలారు. కూతురి దగ్గరే ఉండి ఇల్లు నడిపారు. 1902లో మేరీ టేబర్ షెల్ ఆసుపత్రి, 1909లో కొన్న మోటారుకారులో గుడియాత్తం దారి పొడవునా చెట్ల కింద వైద్యం, 1918లో స్త్రీల వైద్యపాఠశాల, అన్నీ ఆ తల్లి కళ్లముందే జరిగాయి. రోగులను చూసి, దుమ్ముకొట్టుకొని తిరిగివస్తే ఇంట అమ్మ ఉన్నది! పద్నాలుగో ఏట కరవైనది ముప్పయ్యో ఏట దొరికింది. 1925లో సోఫియాగారు మరణించేవరకు, ఇరవై అయిదేళ్లు.

ఐడాగారు పెండ్లి చేసుకోలేదు. ఆమె పేరే పెట్టుకున్న అన్నగారి కూతురు, మరొక ఐడా స్కడర్, డాక్టరై వేలూరుకే వచ్చారు. మేనత్తగారు 1960 మే నెలలో కొడైకెనాల్‌లో ప్రభువునందు నిద్రించారు.