సూర్యకాంతము

కోడలిని వేధించు అత్తను చూచినచో జనులు ఆమెను సూర్యకాంతమని పిలుచుట కలదు. వెలిగండ్ల మొదలు కాకినాడ వరకు ఆ పేరునకు ఒకటే అర్థము. ఆ పేరుగల నటి నిజజీవితమున మిక్కిలి మెత్తని మనస్సు గలదన్న సంగతి మాత్రము అందరికిని తెలియదు.

ఆమె 1924వ సంవత్సరము అక్టోబరు 28వ తేదీన కాకినాడ సమీపమున వెంకటకృష్ణరాయపురములో జన్మించెను. తల్లిదండ్రులకు పదునాలుగవ సంతానము. బాల్యముననే తండ్రి గతించెను. నాటకములయందు ఆసక్తిగల ఆ బాలిక చలనచిత్రములలో నాయికగా వెలుగవలెనని కోరి, తల్లితో మద్రాసు చేరెను. జెమినీ స్టూడియోలో నెలజీతమునకు కుదిరి, 1948లో విడుదలయైన 'చంద్రలేఖ'లో నర్తకీమణుల నడుమ ఆడెను. అనేకులలో ఒకతెగా మిగిలిపోవుట ఆమెకు రుచింపలేదు. తుదకు 'సౌదామిని'లో నాయికపాత్ర లభించెను. ఇంతలో కారు ప్రమాదమున ముఖమునకు గాయమగుటచే అదియు చేజారెను.

1950లో ఎల్.వి. ప్రసాద్ 'సంసారం' చిత్రమున గయ్యాళి పాత్ర నిచ్చెను. అప్పటికామెకు ఇరువదియారేండ్లే. ఆ ప్రాయమున అట్టి వేషమునకు ఏ నటి ఇష్టపడును? ఆమె అంగీకరించెను.

పిమ్మట హిందీ చిత్రమొకదానిలో నాయికపాత్ర ఆమెను వెదకికొని వచ్చెనట. మొదట నియమించిన నటిని తొలగించి ఆ స్థానము తనకిచ్చుచున్నారని తెలిసి, సూర్యకాంతము నిరాకరించెనని చెప్పుదురు. చిన్ననాటి కోరిక మరల చేతికందినది. ఈసారి ఆమెయే దానిని విడిచిపుచ్చెను.

ఆమెది ఎడమచేతి వాటము. ఆ చేయి త్రిప్పుచు కోడండ్రను సాధించుచుండగా, ప్రేక్షకులకు కోపము రావలసినచోట నవ్వు వచ్చెడిది. 'మాయాబజార్' (1957)లో హిడింబి ఆమెయే. కుమారుడు ఘటోత్కచుడుగా నటించిన ఎస్.వి. రంగారావు వయస్సున ఆమెకంటె ఆరేండ్లు పెద్ద! 1962లో వచ్చిన 'గుండమ్మ కథ'లో రామారావు, నాగేశ్వరరావు, సావిత్రి, జమున ఉన్నను, చిత్రమునకు ఆమె పాత్ర పేరే పెట్టిరి. సవతికూతురిచే ఇంటిచాకిరి చేయించిన గుండమ్మ, తుదకు తనను మించిన గయ్యాళి చేత చిక్కినపుడు, అంతవరకు ఆమెను తిట్టినవారికే జాలి కలుగును.

చిత్రీకరణకు పోవునపుడు ఆమె ఇంటినుండి పిండివంటలు తెచ్చి తోడివారికి కొసరి కొసరి వడ్డించెడిది. తెరపై మాత్రమే ఆమెను చూచిన తల్లులు తమ ఆడపిల్లలకు ఆ పేరు పెట్టుటకు జంకిరి.

ఆమె 1994లో మద్రాసున కన్నుమూసెను. సూర్యకాంతమను పేరుగల బాలిక మీ తరగతిలో ఎవరైన ఉన్నారేమో చూడుడు.