కొమురం భీం

ఆదిలాబాదు అడవులలోని సంకేపల్లిలో 1901లో గోండు కుటుంబాన కొమురం భీం జన్మించాడు. అటవీ సిబ్బంది చేతిలో తండ్రి మరణించగా, ఆ కుటుంబం సర్దాపూరు చేరి పోడు సేద్యం ఆరంభించింది. పంట చేతికందే వేళ సిద్దిఖీ అనే భూస్వామి ఆ నేల తనదంటూ వచ్చిపడ్డాడు. కన్నం వేసే దొంగ చీకటి కోసం వేచి ఉంటాడు. హక్కు పేరిట దోచేవానికి పట్టపగలే చాలును. ఆ ఘర్షణలో భీం చేతిలో సిద్దిఖీ హతుడయ్యాడు. పంట పండించినవాడే పరారీ కావలసివచ్చింది. అస్సాం తేయాకు తోటలలో కూలిగా బతికి తిరిగివచ్చిన భీం పన్నెండు గూడేలను ఏకం చేసి నీరు, అడవి, నేలపై గిరిజనుల హక్కుకై పోరాడాడు. 1940లో జోడేఘాట్‌లో నిజాం పోలీసుల కాల్పులలో అమరుడయ్యాడు. 2016లో ఆసిఫాబాదు కేంద్రంగా ఏర్పడిన జిల్లా అతని పేరును ధరించింది.