చెంద్రును తెరకెక్కించిన ఆర్నె సుక్స్‌డోర్ఫ్

ఊరూరా బదిలీలు తిరిగి మేము బస్తరు చేరిన కొత్తలో, పులికూనతో ఆడుకున్న చెంద్రు కథను మా పిల్లలే మాకు చెప్పారు. ఆ సినిమా తీసిందెవరని అడిగితే మాత్రం, ఎవరో విదేశీయుడు అన్నారు. ఆ విదేశీయుడి పేరు ఆర్నె సుక్స్‌డోర్ఫ్.

ఆయన 1917లో స్వీడన్ రాజధాని స్టాక్‌హోమ్‌లో పుట్టారు. మొదట ప్రకృతి శాస్త్రం చదివారు, తర్వాత చిత్రలేఖనం నేర్చారు. చివరికి కెమెరా పట్టారు. స్టాక్‌హోమ్ నగర జీవితంపై 1947లో తీసిన లఘుచిత్రం స్వీడన్‌కు తొలి ఆస్కార్ తెచ్చింది. 1953లో తీసిన పెద్ద చిత్రం, నీటికుక్కను రహస్యంగా పెంచుకునే ఇద్దరు అన్నదమ్ముల కథ.

ఆ చిత్రానికి రచన, దర్శకత్వం, ఛాయాగ్రహణం, కూర్పు అన్నీ ఆయనవే. కూర్పు అంటే ఎడిటింగ్. జంతువుకు సంభాషణ రాసివ్వలేం, మళ్లీ నటించమనీ చెప్పలేం. ఓపికగా మాటువేసి నక్కను ఒకసారి, కోళ్లను మరోసారి తీయాలి. రెండు ముక్కలనూ పక్కపక్కన అతికితేనే నక్క కోళ్లపై కన్నేసినట్టు మనకు తోస్తుంది. కూర్పు తెలిసినవాడే కెమెరా వెనుక ఉంటే ఏ ముక్క కావాలో అడవిలోనే తెలుస్తుంది. ఆయన బలం ఇదేనని మా అభిప్రాయం.

ఆ పనితనంతోనే ఆయన బస్తరు వచ్చారు. నారాయణపూర్ దగ్గరి గఢ్‌బెంగాల్‌కు చెందిన మురియా బాలుడు చెంద్రును తీసుకుని, ఊరిని భయపెట్టే చిరుతపులి కథను రంగుల్లో చిత్రించారు. సంగీతం పండిట్ రవిశంకర్‌ది. 1957లో విడుదలైన ఆ చిత్రం మరుసటి ఏడాది కాన్ ఉత్సవానికి వెళ్లింది. ఆయన భార్య ఆస్ట్రిడ్ తీసిన ఫొటోల పుస్తకం వల్ల చెంద్రు పేరు దేశదేశాల పిల్లలకు తెలిసింది.

తర్వాత సుక్స్‌డోర్ఫ్ బ్రెజిల్ వెళ్లారు. రియోలో కుర్రకారుకు సినిమా నేర్పారు, ఇల్లులేని పిల్లలపై 1965లో ఒక చిత్రం తీశారు. పంతనాల్ చిత్తడి నేలల్లో ఏళ్ల తరబడి ఉండి, చివరికి స్వదేశం చేరి 2001లో కన్నుమూశారు.

చెంద్రు కూడా స్వీడన్ చూసి వచ్చాడు. వచ్చాక మళ్లీ అదే ఊరు, అదే అడవి. సినిమా పేరు తెచ్చింది గానీ బతుకుతెరువు చూపలేదు. ఆ చిత్రం ఎంత అందంగా ఉన్నా, మా మనసు ఇక్కడే ముల్లు గుచ్చుకున్నట్టు ఆగిపోతుంది. ఆయన పేదరికంలోనే ముసలివాడై 2013లో మరణించారు.