మూగజీవాల కోసం చట్టసభలో గళమెత్తిన నాట్యకళాకారిణి రుక్మిణీదేవి

భరతనాట్యానికి గౌరవస్థానం కల్పించి, 1936లో మద్రాసులో కళాక్షేత్రాన్ని స్థాపించిన రుక్మిణీదేవి అరండేల్ (1904–1986) జీవితంలో మరో అధ్యాయం మూగజీవాలది.

1952లో రాజ్యసభకు నామినేట్ అయిన ఆమె, జంతువులపై క్రూరత్వాన్ని అరికట్టేందుకు ప్రైవేటు బిల్లు ప్రవేశపెట్టారు. అప్పటికి అమల్లో ఉన్నది 1890 నాటి బ్రిటిష్ చట్టమే. సమగ్ర చట్టాన్ని ప్రభుత్వమే తెస్తుందని ప్రధాని నెహ్రూ హామీ ఇవ్వడంతో ఆమె బిల్లును ఉపసంహరించుకున్నారు. ఆ హామీ నెరవేరడానికి 1960 వరకు వేచి చూడాల్సి వచ్చింది. మోయలేని బరువు లాగే ఎద్దులు, ప్రయోగశాలల్లోని ప్రాణులు, ప్రదర్శనల్లో ఆడించే జంతువులు కూడా కొత్త చట్టం పరిధిలోకి వచ్చాయి. ఆ చట్టం కింద 1962లో ఏర్పడిన జంతు సంక్షేమ బోర్డుకు ఆమే తొలి అధ్యక్షురాలు.

1977లో రాష్ట్రపతి పదవికి పోటీ చేయాలని ప్రధాని మొరార్జీ దేశాయ్ కోరినా ఆమె అంగీకరించలేదు. ఆ పీఠాన్ని తెలుగువారైన నీలం సంజీవరెడ్డి అధిష్ఠించారు.

1986 ఫిబ్రవరి 24న ఆమె కన్నుమూసే నాటికి, జంతుహింసకు తొలిసారి పట్టుబడినవారికి ఆ చట్టం విధించే గరిష్ఠ జరిమానా 50 రూపాయలే. చట్టం సాధించిన ఆమె, దానికి పదును పెరగడం మాత్రం చూడలేకపోయారు.