పీటర్ బార్

పీటర్ బార్ (1826 - 1909) స్కాట్లాండుకు చెందిన విత్తనాల వ్యాపారి, ఉద్యానకారుడు. ఆంగ్ల వాచకాలలోని వర్డ్స్‌వర్త్ పద్యం ద్వారా తెలుగు విద్యార్థులకు పరిచయమైన డాఫొడిల్ పువ్వుకు ఇంగ్లాండు తోటలలో మళ్ళీ ఆదరణ కల్పించినవారిలో ఇతడు ముఖ్యుడు. డాఫొడిల్ రాజుగా పేరుపొందాడు.

జీవిత విశేషాలు

బార్ గ్లాస్గో సమీపంలోని గోవన్‌లో జన్మించాడు. తండ్రికి ట్యులిప్ పూల పెంపకం అంటే మక్కువ. చిన్నవయసులోనే విత్తనాల దుకాణంలో పనికి కుదిరిన బార్, తరువాత లండను చేరి 1861లో ఎడ్వర్డ్ సగ్డెన్‌తో కలిసి కోవెంట్ గార్డెన్‌లో సొంత వ్యాపారం ప్రారంభించాడు. 1629లో జాన్ పార్కిన్సన్ ప్రచురించిన ఉద్యానగ్రంథంలో సుమారు వంద రకాల డాఫొడిల్ పూల వర్ణన ఉంది. వాటిలో చాలావరకు తన కాలపు తోటలలో కనిపించకపోవడం బార్‌ను ఆలోచింపజేసింది.

లీడ్స్ దుంపలు

డాఫొడిల్ మొక్క ఉల్లిగడ్డను పోలిన దుంప నుండి మొలుస్తుంది. విత్తనం నుండి పూయడానికి నాలుగైదేళ్ళు పడుతుంది. సంకర రకమైతే విత్తనంలో తల్లి గుణాలు యథాతథంగా రావు. తల్లి దుంప పక్కన పుట్టే పిల్ల దుంపలే రకాన్ని నిలబెడతాయి. కాబట్టి దుంపలు నశిస్తే ఆ రకం శాశ్వతంగా పోయినట్లే.

మాంచెస్టర్ ప్రాంతానికి చెందిన ఎడ్వర్డ్ లీడ్స్ ఏళ్ళ తరబడి సంకరణాలు చేసి సుమారు 24,000 దుంపలు కూడబెట్టాడు. వృద్ధాప్యంలో, తగిన కొనుగోలుదారు దొరకకపోతే వాటిని నాశనం చేయించాలని నిశ్చయించుకున్నాడు. బార్ మరికొందరిని కూడగట్టి 1874లో 100 పౌన్లకు వాటిని కొన్నాడు. అప్పటికి డాఫొడిల్‌కు గిరాకీ లేదు గనుక ఇది సాహసమే. 1869లో మరణించిన విలియం బ్యాక్‌హౌస్ సేకరణ కూడా బార్ చేతికి వచ్చింది. ఎంపరర్, ఎంప్రెస్ అనే ప్రసిద్ధ రకాలు బ్యాక్‌హౌస్ సృష్టించినవే.

పెంపకం

దుంపలను శరదృతువు ఆరంభంలో, వాటి ఎత్తుకు రెండు మూడు రెట్ల లోతున, నీరు నిలవని నేలలో నాటుతారు. పూలు వాడిన తరువాత ఆకులను కనీసం ఆరు వారాలు కోయరాదు. మరుసటి ఏటి మొగ్గకు కావలసిన ఆహారాన్ని దుంపకు అందించేవి ఆ ఆకులే. వాటిని ముడివేయడం అందంగా కనిపించినా దుంపకు చేటు. ఏళ్ళ తరబడి కదపని గుంపులు ఇరుకై పూత తగ్గితే, ఆకులు ఎండాక తవ్వి, విడదీసి మళ్ళీ నాటాలి. చలికాలపు చల్లదనం లేనిదే మొక్క సరిగా పూయదు. తెలుగునాట మైదానాలలో ఇది నిలవకపోవడానికి అదే కారణం. దుంప విషపూరితం కావడంతో ఎలుకలు సాధారణంగా దాని జోలికి పోవు.

అన్వేషణ, నామకరణం

1884లో లండనులో జరిగిన డాఫొడిల్ సదస్సు, తోటలలో పుట్టిన రకాలకు లాటిన్ శాస్త్రీయ నామాలు కాక మామూలు పేర్లే పెట్టాలని తీర్మానించింది. ఆ సంవత్సరమే బార్ డాఫొడిల్ గురించి ఒక పుస్తకం ప్రచురించాడు. అనంతరం స్పెయిన్, పోర్చుగల్ కొండలలో అడవి రకాల కోసం తిరిగాడు. పాత గ్రంథాలలోని బొమ్మలు కల్పితాలు కావని అప్పటికే ఒక నిదర్శనం దొరికింది. అసలు లేనేలేదని విలియం హెర్బర్ట్ కొట్టిపారేసిన సైక్లమినియస్ జాతి, 1885లో పోర్చుగల్‌లో ఆల్ఫ్రెడ్ టేట్‌కు కనిపించింది.

చివరి సంవత్సరాలు

1897లో విక్టోరియా గౌరవ పతకం లభించింది. డెబ్బై ఏళ్ళు దాటాక వ్యాపారాన్ని కుమారులకు అప్పగించి అమెరికా, జపాను, ఆస్ట్రేలియా, న్యూజీలాండు, దక్షిణాఫ్రికా దేశాలు పర్యటించాడు. ఇతని పేరు పెట్టిన తెల్లని రకం తొలినాళ్ళలో దుంప ఒక్కటికి 50 పౌన్ల ధర పలికింది. ఒకప్పుడు లీడ్స్ దుంపలన్నిటికీ కలిపి చెల్లించిన సొమ్ములో అది సగం. బార్ 1909లో మరణించాడు. డాఫొడిల్ రంగంలో విశిష్ట సేవ చేసినవారికి ఇతని స్మారకంగా 1912లో ఒక బహుమతి కప్పు నెలకొల్పారు.